పంతొమ్మిది పేషీలు

నా జీవితంలో నేను నిజంగా బాగా చేసిన పని ఒక్కటే. పనులు జరగకుండా చూడడం. గొప్పలు చెప్పుకోవడం కాదు, ఆ రోజుల్లో నాంపల్లిలో కోర్టు వరండా మీద ఎవరిని అడిగినా నా గురించి ఈ మాటే చెప్పేవారు. పోలీసు యాక్షన్ తరువాత ఆరేడేళ్లపాటు నేను ఆబిడ్స్‌లో ఒక వకీలు దగ్గర మున్షీగా పనిచేశాను. మున్షీ అంటే వకీలు కాగితాలు రాయాలి, మోయాలి, ఏ కేసు పేషీ ఏ రోజుకు పడిందో కనుక్కొని రావాలి. పేషీ అంటే కేసు విచారణకు వచ్చే రోజు. మా ఆఫీసు మటుకు దాన్ని విచారణ తప్పించుకునే రోజుగా లెక్కవేసుకునేది.

మా ఆఫీసు గడియారాలు బాగుచేసే దుకాణం మీది మేడ. కింద వేలాడే గడియారాల్లో ఏ రెండూ ఒకే టైము చూపించేవి కావు. అందుచేత నేను ఆలస్యంగా వచ్చానని మా వకీలు సాబ్ ఎన్నడూ రుజువు చేయలేకపోయాడు. ఆయన పాతకాలం మనిషి. నిజాం రోజుల్లో ఉర్దూలో చదివి, ఉర్దూలో వాదించి, ఉర్దూలోనే కోప్పడినవాడు. షేర్వానీ గుండీలు మెడదాకా పెట్టుకునేవాడు. కోర్టులు మెల్లమెల్లగా ఇంగ్లీషులోకి మారుతుంటే, యాభై దాటిన వయసులో నా ఎదుటనే కూర్చొని ఇంగ్లీషు స్పెల్లింగులు వల్లెవేసేవాడు. ఆ మార్పు మాకు కష్టం తెచ్చిపెట్టిందని అందరూ జాలిపడ్డారు. నిజానికి అది మాకు ఒక కొత్త సాకు తెచ్చిపెట్టింది. “కాగితం ఉర్దూలో ఉంది, ఇంగ్లీషులోకి తర్జుమా ఇంకా కాలేదు” అంటే ఏ జడ్జీ కాదనలేడు. ఆ తర్జుమా చేయవలసింది నేను. నేను చేయను. అక్కడితో సరి.

మాది నల్లగొండ దిక్కు పల్లె. మా నాన్న నాగలి పట్టినవాడు. ఊరి బడిలో మౌల్వీ సాబ్ నాకు ఉర్దూ నేర్పి, నా దస్తూరి చూసి ముచ్చటపడి, భుజం తట్టాడు. ఆ తట్టుతో ఎక్కిన గర్వం నాకు ఇంకా దిగలేదు. నా చేతిరాత అందంగా ఉంటుందని నాకు తెలిసిన రోజు నుంచి, అందులో ఏం రాస్తున్నానన్నది నేను పెద్దగా పట్టించుకోలేదు. అబద్ధం రాసినా అక్షరాలు వరసగా, గుండ్రంగా, చుక్కలు చుక్కల చోట పడితే చాలు, ఆ పూట నాకు అన్నం సయించేది.

మా ఆఫీసులో ఇంకొక అలవాటు ఉండేది. యుద్ధం రోజుల్లో కాగితం కరువైనప్పుడు, ఒకవైపే రాసి ఉన్న కాగితం ఏది కనిపించినా దాని వెనకవైపు వాడుకోవడం మొదలుపెట్టారట. తరువాత కరువు పోయింది, అలవాటు పోలేదు. పాత దావాల వెనక కొత్త దావాల చిత్తుప్రతులు రాసేవాణ్ని. పెళ్లి పిలుపుల వెనక జవాబులు రాసేవాణ్ని. వాయిదా అడిగే దరఖాస్తులు చిన్నవి కాబట్టి కోర్టులోనూ దీన్ని ఎవరూ తప్పుపట్టేవారు కాదు. వెనకవైపు ఖాళీగా ఉన్న మంచి దళసరి కాగితం దొరికితే నా కలం దానంతట అదే దాని మీదికి పోయేది.

వాయిదాలకు కారణాలు కల్పించడం నా పని. మా వకీలు సాబ్‌కు నా కాగితాల మీద వచ్చినన్ని జ్వరాలు ఏ దవాఖానలోనూ చూసి ఉండరు. ఒక క్లయింటు మేనత్తను రెండేళ్లలో రెండుసార్లు చంపాను. రెండోసారి దరఖాస్తు అందుకున్న పేష్కారు, అంటే జడ్జీ ముందు కూర్చొని కాగితాలు అందించే గుమాస్తా, కళ్లద్దాల మీదుగా నన్ను చూసి, “మున్షీ సాబ్, ఈమె పోయిన యేడు గూడ సచ్చిపాయె గద!” అన్నాడు. నేను ఏమాత్రం తొణక్కుండా, “గామె పెద్దత్త. ఈమె చిన్నత్త” అన్నాను. ఆ జవాబును వారం రోజులు తలుచుకొని మురిసిపోయాను.

ఇట్లా వెలిగిపోతున్న రోజుల్లో మా దగ్గరికి ఒక మనోవర్తి కేసు వచ్చింది. మేము మగని తరఫున. అతను సర్కారీ నౌకరీ చేసే మనిషి. భార్యను వదిలేసి రెండో పెళ్లి చేసుకున్నాడు. అప్పటికి అది తప్పని చెప్పే చట్టం రాలేదు కాబట్టి దాచవలసిన అవసరం కూడా అతనికి కలగలేదు. మొదటి భార్యకు ఇరవై రెండేళ్లు నిండాయి. మిడిల్ పాసయింది. తల్లితో కలిసి హిమాయత్‌నగర్‌లో అన్న ఇంట్లో ఉంటోంది. ఆ అన్న కోఠిలో బట్టల దుకాణంలో గుమాస్తా. “అన్నం పెడత, అంతకు మించి నాతోని గాదు” అని చెల్లెలికి ఖచ్చితంగా చెప్పాడు. ఆమెకు కావలసింది అన్నం కాదు. పంతులమ్మ ట్రైనింగు. ఏడాదిపాటు హాస్టల్లో ఉండి చదవాలి, దానికి ఖర్చు పెట్టుకోవాలి. పాతికేళ్లు దాటితే చేర్చుకోరు. మగడి దగ్గర మనోవర్తి వస్తే ట్రైనింగులో చేరతానని, ఆలస్యమైతే వయసు దాటిపోతుందని, ఆమె దావాలోనే రాయించింది.

ఆ దావాకు నకలు తీసింది నేను. ఆ వాక్యం నా చేత్తోనే రాశాను. “వయసు” అనే మాట దగ్గర కలం కాస్త సాగి, అక్షరం బాగా కుదిరిందని కూడా గుర్తుంది. వకీలు సాబ్ నకలు చదివి, గడ్డం గోక్కొని, “అంటే మూడేండ్లు. మనకు చాలు” అన్నాడు. నేను నవ్వాను. ఎందుకు నవ్వానో ఇప్పుడు చెప్పలేను. యజమాని మాటకు నవ్వడం కూడా మున్షీ పనుల్లో ఒకటని అప్పట్లో నా నమ్మకం.

మగడి వాదన ఒక్కటే. పోలీసు యాక్షన్ తరువాత నౌకర్లను తగ్గించినప్పుడు తన ఉద్యోగం ఊడిందనీ, అప్పటి నుంచి సంపాదన లేదనీ. ఊడిన మాట నిజమే. మరుసటి ఏడే ఇంకొక ఆఫీసులో తీసుకున్నారన్న సంగతి మాత్రం మాకూ అతనికీ తప్ప ఎవరికీ తెలియదు. తిరిగి తీసుకుంటూ ఇచ్చిన హుకుం తెచ్చి మొదటి రోజే మా చేతిలో పెట్టాడు. దళసరి సర్కారీ కాగితం. ఒకవైపు ఇంగ్లీషులో టైపు చేసి, కింద గుండ్రటి ముద్ర. వకీలు సాబ్ చదివి, “ఈ కాగితం లేదు” అన్నాడు. లేని కాగితాన్ని నా చేతికిచ్చి జాగ్రత్త చేయమన్నాడు. చివరికి మనోవర్తి ఎంతో తేల్చే రోజు వస్తే, జీతం తక్కువేనని చూపించడానికి అది అక్కరకొస్తుందని ఆయన ఆలోచన.

అవతలి పక్క కుర్ర వకీలు చురుకైనవాడు. మగడి నౌకరీ కాగితాలు కోర్టు ముందు పెట్టాలని దరఖాస్తు ఇచ్చాడు. ఏ ఆఫీసో తెలిస్తే అక్కణ్ణుంచే తెప్పించేవారు, తెలియదు కాబట్టి మమ్మల్నే తెమ్మని జడ్జీ హుకుం ఇచ్చాడు. అప్పటి నుంచి మా వాయిదాలు అసలు జోరందుకున్నాయి. ఒకసారి జ్వరం. ఒకసారి తర్జుమా. ఒకసారి క్లయింటు ఊళ్లో లేడు. ఒకసారి అలవాటు చొప్పున, “సదరు కాగితాలు పోలీసు యాక్షన్ గడబిడలో పోయినవి” అని రాసేశాను. ఆ రోజుల్లో హైదరాబాదులో ఏది కనిపించకపోయినా ఆ గడబిడలోనే పోయిందనేవాళ్లం. జడ్జీ చదివి, “నౌకరీ ఊడింది గడబిడ తరువాత. కొత్త నౌకరీ కాగితం ఉంటే గింటే, అది ఇంకా తరువాతది. అది పుట్టకముందే ఎట్లా పోయింది?” అని అడిగాడు. కోర్టంతా నవ్వింది. వకీలు సాబ్ వంగి సలాము చేసి, మున్షీ పొరపాటని చెప్పి, దాన్ని సవరించుకోవడానికే ఇంకొక నెల గడువు తీసుకున్నాడు. నా తప్పు కూడా పనికొచ్చిందని ఆ సాయంత్రం మొజంజాహీ మార్కెట్టులో నాకు ఐస్‌క్రీం తినిపించాడు.

ఆమె ప్రతి పేషీకీ వచ్చేది. హిమాయత్‌నగర్ నుంచి నాంపల్లిదాకా నడిచే వచ్చేది. బెంచీ చివర కూర్చొని, కోఠిలో కొన్న పాత లెక్కల పుస్తకం ఒళ్లో పెట్టుకొని, పెదాలు కదలకుండా చదువుకునేది. పేరు పిలవగానే లేచి నిలబడేది. వాయిదా పడిందని చెప్పగానే తలాడించి వెళ్లిపోయేది. ఏడవలేదు, తిట్టలేదు. నాకు ఆమె మీద కోపం లేదు, జాలీ లేదు. నా డైరీలో ఆమె ఒక తారీఖు, అంతే.

ఇక నా ఘనకార్యానికి వస్తాను. అది పంతొమ్మిదో పేషీ. ఆ నౌకరీ హుకుం రెండున్నరేళ్లుగా నా బస్తాలోనే ఉంది. బస్తా అంటే కేసు కాగితాలు మూటగట్టే ఎర్రగుడ్డ. కోర్టులో మూట విప్పినప్పుడు పక్కవాళ్ల కళ్లు దాని మీద పడకుండా, టైపు ఉన్న వైపు కిందికి, ఖాళీ వైపు పైకి వచ్చేటట్టు పెట్టేవాణ్ని. ఇది నా సొంత తెలివి, ఎవరూ చెప్పింది కాదు. ఆ రోజు కోర్టుకు ఆలస్యమైంది. మా కేసు పిలవడానికి ముందు రెండే కేసులున్నాయి. వకీలు సాబ్ మెట్లెక్కుతూ, “వెతికినం, దొరకలేదు, మూడు వారాలు కావాలె. జల్దీ రాయి” అన్నాడు. నేను వరండాలో కూలబడి, మోకాలి మీద బస్తా విప్పి, చేతికి తగిలిన మొదటి ఖాళీ కాగితం లాగాను. ఎంత మంచి కాగితం! సిరా పీల్చడం లేదు, కలం జారడం లేదు. పరుగుమీద రాసినా ముత్యాల్లా రాశాను. “హుజూర్ వారి హుకుం ప్రకారం సదరు కాగితం కోసం ఇల్లూ ఆఫీసూ అంతా జాగ్రత్తగా గాలించినాము. ఎక్కడనూ దొరకలేదు. మరి మూడు వారాల గడువు ఇప్పించగలరు.” రాసి, ఊది ఆరబెట్టి, ఒక్క క్షణం దాన్ని దూరంగా పట్టుకొని చూసుకొని మరీ పేష్కారుకు అందించాను.

జడ్జీ దాన్ని చదివాడు. మామూలుగా అయితే తల ఎత్తకుండానే తారీఖు చెప్పేవాడు. ఆ రోజు కాగితం మీద వేలితో తడిమాడు. వెనకనుంచి గుండ్రటి ముద్ర మరక కనిపించినట్టుంది. తిప్పి చూశాడు. చాలాసేపు చదివాడు. మళ్లీ ఇటు తిప్పి నా దరఖాస్తు చదివాడు. మళ్లీ అటు తిప్పాడు. నాకు ఇంకా అర్థం కాలేదు. నా దస్తూరి ఆయనకు నచ్చిందేమోననుకొని కాస్త నిటారుగా నిలబడ్డాను కూడా.

“వకీల్ సాబ్,” అన్నాడు జడ్జీ చాలా మర్యాదగా, “ఏ కాగితం దొరకలేదంటున్నారో, ఆ కాగితం మీదనే రాసి ఇచ్చారు.”

కోర్టులో ఎవరూ నవ్వలేదు. నవ్వితే బాగుండేది.  పక్కనున్న కిటికీ ఊచ పట్టుకున్నాను. బెంచీ చివర ఆమె లేచి నిలబడి నా వైపు చూస్తోంది. మా వకీలు సాబ్‌ను మాత్రం మెచ్చుకోవాలి. ఒక్క ఊపిరి తీసుకొని, “జీ హుజూర్, ఇప్పుడే దొరికింది. ఆ సంగతే మనవి చేద్దామనుకుంటున్న” అన్నాడు. “దొరికితే దాని వెనక దొరకలేదని ఎందుకు రాశారు?” అని జడ్జీ అడిగాడు. “కాగితం దుబారా ఎందుకని, హుజూర్” అన్నాడు వకీలు సాబ్. అప్పుడు నవ్వారు అందరూ.

వారంలో కోర్టు హుకుం వచ్చింది. మనోవర్తి నెలనెలా ఇవ్వాలని. మగడు మా మేడ మెట్లెక్కి వచ్చి, నేను అవతలివాళ్ల దగ్గర ముట్టజెప్పించుకున్నానని నా ముఖం మీదే అరిచాడు. వకీలు సాబ్ నన్ను తీసేయలేకపోయాడు. తీసేస్తే కాగితం ఇన్నాళ్లూ దాచామని ఒప్పుకున్నట్టవుతుంది. వారం రోజులు నాతో మాట్లాడలేదు. ఆ వారంలో ఆఫీసు ఎంత ప్రశాంతంగా ఉందో చెప్పలేను.

నాకు నిజంగా తిప్పలు తెచ్చింది ఆ తరువాత వచ్చిన పేరు. కోర్టు వరండాలో ఒక మాట పుట్టి, ఇరానీ హోటలుదాకా పాకింది. మున్షీ సాబ్ కావాలనే చేశాడట, ఆ పిల్ల గోస చూడలేక చేశాడట. పేష్కారు నా పక్కన కూర్చొని, “దిల్ ఉన్న మనిషివి నువ్వు” అని చాయ్ తెప్పించాడు. టైపు కొట్టే ముసలాయన లేచి నాకు కుర్చీ ఇచ్చాడు. ఒక్క ముక్క, “కాదు, పొరపాటున జరిగింది” అంటే సరిపోయేది. అనలేదు. కళ్లు దించుకొని, చాయ్ ఊదుకుంటూ, “ఏదో, మనిషి జన్మ ఎత్తినందుకు” అన్నాను. ఈ మాట నిజంగా అన్నాను. రాస్తుంటే ఇప్పుడు కూడా చెవులు వేడెక్కుతున్నాయి.

ఇంట్లో మాత్రం పప్పులుడకలేదు. మా ఆవిడ చెవిన ఈ మాట పడి, చేటలో బియ్యం ఏరుతున్నది కాస్తా ఆగి నన్ను ఎగాదిగా చూసింది. “నువ్వా? కావాలని జేసినవా? పొద్దుగాల పెట్టిన టోపీ పొద్దుమూకంగ యాడ పెట్టినవో యాదుండదు నీకు. గంత ఉపాయం నీకేడికెల్లొస్తది?” అంది. నేను నొచ్చుకున్నాను. అప్పటికి నేను కూడా సగం నమ్మేశాను, కావాలనే చేశానేమోనని.

నెల గడవకముందే ఒక మధ్యాహ్నం ఆమె ఆబిడ్స్‌లో మా మేడకు వచ్చింది. వకీలు సాబ్ కోర్టులో ఉన్నాడు. ఆమె గడప దగ్గర నిలబడింది. కృతజ్ఞత చెప్పుకోవడానికి వచ్చిందనుకున్నాను. అందుకు తగిన ముఖం కూడా పెట్టాను.

“కూసో చెల్లె,” అన్నాను. “నాదేముంది. న్యాయం నీ దిక్కుండె.”

“మీరు కావాలని పెట్టిన్రని అందరంటున్రు మున్షీ సాబ్,” అంది ఆమె. “కాదని నాకెరుకే. జడ్జీ సాబ్ కాయిదం తిప్పినప్పుడు మీ మొకం చూసిన నేను.”

నేను పెట్టుకున్న ముఖాన్ని ఏం చేయాలో తెలియలేదు. బస్తా ముడి విప్పి మళ్లీ వేశాను.

ఆమె తగాదాకు రాలేదు. ట్రైనింగు స్కూలుకు వెళ్లిందట. పాతికేళ్లు నిండి నాలుగు నెలలు దాటాయి, చేర్చుకోం అన్నారట. బతిమాలితే, ఆలస్యం నీ తప్పు కాదని రుజువుంటే పెద్దాఫీసరు వయసు సడలించగలడు, ఏ పేషీ ఎందుకు వాయిదా పడిందో కారణాలతో రాయించుకొని రా అన్నారట. మూడు రోజుల్లో అడ్మిషన్లు బందు.

“కోర్టుల నకలు అడిగితే నెల పడ్తదట,” అంది. “అండ్ల గూడ జరమనే ఉంటది. తర్జుమా అనే ఉంటది. అసలు కారణం మీకే ఎరుక. మీరు రాసియ్యుండ్రి, దస్కతు పెట్టుండ్రి.”

అప్పుడు నా నోటి నుంచి వచ్చిన మాట ఏమిటంటే, “ఎల్లుండి రా చెల్లె, చూద్దాం.” ఆలోచించి అన్నది కాదు. ఎవరు ఏ పని చెప్పినా నా నోరు ముందుగా ఆ మాటే అంటుంది.  ఆమె గడప లోపలికి వచ్చి, గోడకు ఆనుకొని నేల మీద కూర్చుంది. కాళ్లు ముడుచుకొని, చీర సర్దుకొని, ఎన్ని గంటలైనా కూర్చునేటట్టు కూర్చుంది. మా కోర్టు నేర్పిన కూర్చోవడం అది.

డైరీ తీశాను. రెండువైపులా ఖాళీగా ఉన్న కొత్త కాగితం తీశాను. ఆఫీసులో అటువంటిది వెతకడానికే కాసేపు పట్టింది. నేను రాసేది ఉర్దూలో, ఆమెకు ఉర్దూ రాదు. అందుకని ఒక్కొక్క పేషీ రాస్తూ, తెలుగులో పైకి చదవమంది. చదివాను. మొదటి పేషీ, వకీలుకు జ్వరం. “నిజమేనా?” అంది. కాదన్నాను. “అయితే గట్లనే రాయుండ్రి.” రాశాను. రెండోది, మూడోది. క్లయింటు ఊళ్లో లేడు. ఉన్నాడు, కింద గడియారాల దుకాణంలో కూర్చున్నాడు. రాశాను. కాగితం పోయింది. పోలేదు, నా బస్తాలో ఉంది. రాశాను. అక్షరాలు వంకర పోతున్నాయి. ఇన్నేళ్లలో నా దస్తూరి అంత వికారంగా ఎప్పుడూ రాలేదు. రెండున్నరేళ్లు సాగదీసిన కేసు మొత్తం గంటలో ఒక కాగితం మీదికి వచ్చేస్తోంది.

పద్నాలుగో పేషీ తారీఖు చదివాను. డైరీలో “వకీలు సాబ్‌కు నడుం నొప్పి” అని ఉంది. ఆమె చెయ్యెత్తి ఆపింది.

“గా దినం మా అమ్మ పదకొండో దినం,” అంది. “ఇంట్ల సుట్టాలు తింటనే ఉన్నరు. నేను రాకపోతే దావా కొట్టేస్తరేమోనని, తడి చీరతోని ఉరికొచ్చిన. అన్న ఇప్పటికీ మాట్లాడడు నాతోని. గా దినం నిజంగ నడుం నొప్పేనా సాబ్?”

తల్లి పోయిందన్న సంగతి నాకు అప్పుడే తెలిసింది. ఆ రోజు నాకు బాగా గుర్తుంది. వకీలు సాబ్ నడుం భేషుగ్గా ఉంది. ఆ రోజు ఆయన వాదించడానికి తయారై వచ్చాడు కూడా. ఫైలు సిద్ధం కాలేదని చెప్పి వాయిదా అడిగించింది నేనే. ఆబిడ్స్‌లో కొత్త సినిమా పడింది. మధ్యాహ్నం ఆటకు టికెట్టు ముందే తీసుకున్నాను. అంతకంటే కారణం లేదు. అబద్ధం నా నాలుక చివరిదాకా వచ్చింది. ఆమె నన్ను చూస్తూనే ఉంది. చెప్పలేకపోయాను.

“కాదమ్మా,” అన్నాను. “నేను సినిమాకు పోయిన.”

 కింద దుకాణంలో ఎవరో గడియారానికి కీ ఇస్తున్నారు. నాకు సిగ్గేసింది. నా జన్మలో అంత సిగ్గు ఎప్పుడూ పడలేదు. తిడుతుందనుకున్నాను, తిడితే బాగుండుననుకున్నాను.

“గది గూడ రాయుండ్రి,” అంది.

రాశాను. కింద నా పేరు రాసి దస్కతు పెట్టాను. ఆమె కాగితం అందుకొని, తడి ఆరేదాకా చేతుల్లో పట్టుకొని, మెట్లు దిగి వెళ్లిపోయింది. షుక్రియా చెప్పలేదు. చెప్పవలసిన పని లేదు.

నేను అట్లా రాసిచ్చానని వకీలు సాబ్‌కు మూడో రోజే తెలిసింది. నా లెక్క తేల్చి ఆ నిమిషంలోనే పంపించేశాడు. ఆయన వాయిదా వేయకుండా చేసిన పని నేను చూసినంతలో అదొక్కటే. తరువాత కోఠిలో ఒక స్కూల్లో రైటరుగా కుదిరాను, అది వేరే సంగతి. ఆమెకు సడలింపు వచ్చింది, ట్రైనింగులో చేరింది. పేష్కారు చెప్పాడు. పెద్దాఫీసరు ఆ కాగితాన్ని తర్జుమా చేయించుకొని చదివాడట. పద్నాలుగో వరుస దగ్గర ఆగి, దాన్ని మళ్లీ చదవమన్నాడట.

ఆ వరుస నాకు ఇప్పటికీ కంఠతా వచ్చు. “దావాదారు తల్లి పదకొండో దినం నాడు కూడా హాజరు. ఎదుటి పక్షం మున్షీ సినిమాకు వెళ్లినందున వాయిదా.”